నోరెండితే దొంగ

చరిత్ర పాఠం చెప్పి బతకాలని దిల్‌సుఖ్‌నగర్‌లో బస్సు దిగే కుర్ర లెక్చరర్లకు ముందుగా ఒక సంగతి చెప్పాలి. మీరు చరిత్ర చెబుతామనుకుని వస్తారు. ఇక్కడ అమ్ముడుపోయేది భయం. మెట్రో స్తంభాలకు రెండు వైపులా ర్యాంకర్లు ఫ్లెక్సీల మీద నవ్వుతుంటారు కదా, వాటి కింద నడిచే పిల్లల ముఖాలు ఒకసారి చూడండి. వయసు దాటిపోతుందన్న భయం, నోటిఫికేషన్ రాదన్న భయం, వచ్చినా వాయిదా పడుతుందన్న భయం, పండక్కి ఊరెళితే “ఇంకా సదువుతున్నవా” అని అడుగుతారన్న భయం. ఆ భయానికి మనం నోట్సు డిక్టేట్ చేస్తాం. నేను ఉద్యోగ జీవితమంతా చేసింది అదే. గ్రూప్స్ పరీక్షలకు ఆధునిక చరిత్ర చెప్పాను. అందులోనూ బ్రిటిష్ పాలనా వ్యవస్థ నా పేపరు.

జీతాల గొడవలు, ఒక సంస్థ నుంచి ఇంకో సంస్థకు మారిన కథలు, ఫ్లెక్సీలో ఎవరి ఫొటో పెద్దది అన్న పంచాయితీలు ఇక్కడ రాయను. అవి మీరూ పడతారు, మీకే తెలుస్తాయి. ఎవరూ చెప్పనిది ఒకటుంది. మీరు పాఠం చెప్పే గదిలో ఆ పాఠం ఇంకా అయిపోనివాళ్లు కూర్చుని ఉంటారు. అది నాకు చాలా ఆలస్యంగా తెలిసింది.

పిడికెడు మంది

ప్రతి బ్యాచ్‌కూ మొదటి రోజు ఒకే ప్రశ్న వేసేవాణ్ని. సముద్రం దాటి వచ్చిన పిడికెడు మంది దొరలు ఇంత దేశాన్ని ఎలా ఏలారు?

“తుపాకులు సార్” అనేవాడొకడు. “రైళ్లు” అనేది ఒక అమ్మాయి. “విభజించి పాలించు” అని ముందు బెంచీ గైడు చదివినట్టు చెప్పేది. ఒకసారి వెనక బెంచీ కుర్రాడు “ఇంగ్లిష్ సార్, నన్ను ఇప్పటికీ దాంతోనే ఏలుతున్నరు” అన్నాడు. క్లాసు క్లాసంతా నవ్వింది.

అన్నీ నిజమేనని చెప్పి, అసలు జవాబు నేను చెప్పేవాణ్ని. దొర మనల్ని భయపెట్టాడు, నిజమే. అంతకంటే ముందు దొర భయపడ్డాడు. జిల్లాకు ఒక్కడు. చుట్టూ తనకు రాని భాషలు. పొలం ఉన్న రైతు ఎక్కడికీ పోడు, శిస్తు కడతాడు, వాడంటే అంత భయం లేదు. ఊరూరా తిరిగేవాళ్లంటేనే భయం. గాడిదల మీద ఉప్పు, ధాన్యం వేసుకుని సముద్రపు ఒడ్డు నుంచి లోపలి ఊళ్లకు మోసిన తెగలు మనకు ఉండేవి. రైలు వచ్చి, ఉప్పు మీద సర్కారు పట్టు బిగిసి, వాళ్ల వ్యాపారం పోయింది. బతుకు పోయినవాడు దొంగతనం చేస్తాడేమోనని దొరకు అనుమానం వచ్చింది. అనుమానాన్ని చట్టం చేశాడు. 1871లో ఉత్తరాదిన మొదలైన ఆ నేరస్థ తెగల చట్టం తర్వాత మద్రాసు ప్రెసిడెన్సీకీ వచ్చింది. ఆ చట్టం కింద ఎవరేం చేశారన్నది అక్కర్లేదు. ఎవరి కడుపున పుట్టారన్నది చాలు. కుటుంబాలను తెచ్చి సెటిల్‌మెంట్లనే కాపలా ఊళ్లలో పెట్టారు. రోజూ హాజరు పలకాలి. పొలిమేర దాటాలంటే చీటీ ఉండాలి. అదే దొరతనం కెన్యాకు వెళ్లి, అక్కడి మనుషుల గుర్తింపు కాగితాన్ని రేకు డబ్బాలో పెట్టి మెడలో వేలాడదీయించింది. చేయి ఒకటే, మెడలు వేరు.

స్వాతంత్ర్యం వచ్చాక మనం ఆ చట్టాన్ని రద్దు చేశాం. రద్దు చేశామని పుస్తకాల్లో గర్వంగా రాసుకున్నాం. చట్టం రద్దవుతుంది. దాన్ని నమ్మిన బుర్ర రద్దు కాదు.

నా పాఠం ఇలా సాగితే మా కోచింగ్ సెంటర్ డైరెక్టరుకు కడుపునొప్పి. ఆయన నల్లగొండ జిల్లా మనిషి, కష్టపడి పైకొచ్చినవాడు, పిల్లల ఫీజుల విషయంలో కనికరం ఉన్నవాడు. ఒకరోజు స్టాఫ్ రూమ్‌లో చాయ్ తాగుతూ అన్నాడు.

“సార్, మీ క్లాసు మంచిగుంటది. గని గీ బాధంతా ఎందుకు? చట్టం ఎప్పుడొచ్చింది, ఎప్పుడు పోయింది. రెండు బిట్లు. బాధ మీద బిట్ రాదు కదా. పిల్లలు ఉత్తగ పరేషాన్ అయితున్నరు.”

“పరేషాన్ కానీయండి. రేపు వాళ్లే కుర్చీల్లో కూర్చుంటారు.”

“కూసున్నంక మీరే పోయి చెప్పుండ్రి. ముందుగాల కూసోనీయుండ్రి.”

ఆయన మాటలో న్యాయం లేకపోలేదు. పరీక్ష బిట్లనే అడుగుతుంది. అయితే తేదీ తెలిసి సంగతి తెలియని అధికారి కంటే తేదీ కూడా తెలియనివాడే నయమని నా అభిప్రాయం. రెండోవాడికి కనీసం తనకు తెలియదని తెలుసు.

లేచి నిలబడిన అమ్మాయి

ఆ పాఠం రోజు నేను చిన్న నాటకం ఆడేవాణ్ని. మామూలుగా మా దగ్గర హాజరు వేలిముద్ర మిషను తీసుకుంటుంది. ఆ రోజు మాత్రం నేనే పేర్లు పిలిచేవాణ్ని. జవానులా గొంతు గట్టిగా చేసి, పేరు, తండ్రి పేరు, ఊరు. కూర్చున్నచోటు నుంచే “ఎస్ సార్” అంటూ పిల్లలు నవ్వేవారు. తర్వాత బోర్డు మీద సెటిల్‌మెంట్ల పేర్లు, పక్కన జిల్లాల పేర్లు రాసి జతపరచమనేవాణ్ని. పరీక్షలో వచ్చే అవకాశం ఉన్న బిట్ అది.

నా ఉద్యోగపు చివరి రోజుల్లో ఒక బ్యాచ్‌లో రూతు అనే అమ్మాయి ఉండేది. సన్నగా, తల వంచుకుని రాసుకునేది. ప్రశ్న అడిగితే సరైన జవాబు చెప్పి వెంటనే కూర్చునేది. నేను పేరు పిలవగానే ఆ అమ్మాయి ఒక్కతే లేచి నిలబడింది. అందరూ నవ్వారు. క్లాసు అయ్యాక మెట్ల దగ్గర ఆగింది.

“సార్, హాజరు పిలిచినప్పుడు నేనొక్కదాన్నే లేచాను, చూశారా.”

“చూశాను. అలవాటేమో అనుకున్నా.”

“అలవాటే సార్. నాది కాదు, మా తాతది. ఆయన్ని ఎవరైనా పూర్తి పేరుతో పిలిస్తే లేచి నిలబడిపోయేవాడు. ఇంట్లో అన్నం తింటా కూడా. మా నాయన్ని అలాగే పెంచాడు, మా నాయన మమ్మల్ని.”

ఆమె గొంతు తగ్గించింది.

“మీరు బోర్డు మీద రాసిన ఊళ్లల్లో మాది ఉందండి. చెరిపేస్తారా సార్? మా హాస్టల్ పిల్లలు ఇంకా రాసుకుంటున్నారు.”

వెనక్కి వెళ్లి చెరిపేశాను. ఆ తర్వాత ఇంకెప్పుడూ ఆ పేర్లు బోర్డు మీద రాయలేదు. మీరూ రాయకండి. చట్టం గురించి చెప్పండి, దాన్ని చేసినవాళ్ల పేర్లు చెప్పండి, ఊళ్ల పేర్లు వదిలేయండి. ఒక మార్కు పోతే పోతుంది.

రూతు ఉండేది చైతన్యపురి వెనక సందులో ఒక ఆడపిల్లల హాస్టల్లో. నడిపేది వరలక్ష్మి గారు, గుంటూరు వైపు నుంచి వచ్చి స్థిరపడ్డ ఆవిడ. మనిషి మంచిదే. తనకు మోకాళ్ల నొప్పులని వంట సామాన్ల గది తాళం రూతుకే ఇచ్చేది. తెల్లవారి పాలు రాగానే రూతు లేచి టీ పెట్టేది. హాస్టల్లో ఎవరైనా అడిగితే రూతు తనది ఒంగోలు వైపు అని మాత్రమే చెప్పేది. అయితే వాళ్ల మండలానికే చెందిన కొత్త అమ్మాయి ఒకతె చేరింది. రూతు ఊరికి ఏ బస్సెక్కుతుందో ఒకసారి విన్నది. సాయంత్రానికి ఊరి పేరు హాస్టలంతా తెలిసిపోయింది.

“ఎవరూ ఏమీ అనలేదు సార్” అని రూతే నాకు చెప్పింది, నవ్వుతూ. “ఆంటీ మాత్రం సామాన్ల గదికి కొత్త తాళం వేయించారు. ‘దీనికి ఒకటే చెవి వచ్చిందమ్మాయ్’ అన్నారు. ఇంకోటి, మా గదిలో తాళాల చప్పుడు ఎక్కువైంది. స్నానానికెళ్లేటప్పుడు కూడా సూట్‌కేసులకి తాళాలేస్తన్నారు.”

ఆ నవ్వు నాకు నచ్చలేదు. ఏదైనా ఒక వస్తువు కనబడకుండా పోయేదాకానే ఆ నవ్వు నిలుస్తుందని నాకు తెలుసు. పాలనా చరిత్ర చదివినవాడికి ఇంతకంటే జోస్యం అక్కర్లేదు. నిజంగా భయం వేసింది.

ఆదివారం పొద్దున

ఇక్కడ నా గురించి కొంచెం చెప్పాలి. వయసులో ఉన్నప్పుడు ఊళ్లల్లో బాబాల గుట్టు రట్టు చేస్తూ తిరిగిన గుంపులో నేనొకణ్ని. నాలుక మీద కర్పూరం వెలిగించి చూపించేవాణ్ని. అందులో మహిమ లేదు. నోరు తడిగా ఉంటే చాలు, కాలేలోపు ఊదేస్తాం. శాస్త్రుల్లు గార్లతో, స్వాములతో వేదికలెక్కి వాదించాను. భయం అజ్ఞానం పిల్ల అనీ, అజ్ఞానం పోతే భయం పోతుందనీ ఉపన్యాసాలిచ్చాను. నా మటుకు అది పోయిందనే అనుకున్నాను.

ఒక ఆదివారం పొద్దున మన్సూరాబాద్‌లో మా ఇంటి దగ్గర బీరకాయలు ఏరుకుంటున్నాను. రూతు ఫోను చేసింది. వెనక కుళాయి నీళ్ల చప్పుడు. బాత్‌రూమ్‌లోంచి మాట్లాడుతోంది.

“సార్, నేను తియ్యలేదు.”

“ఏం పోయింది?”

“స్వప్న గొలుసు. పక్క మంచం అమ్మాయి. ఇబ్రహీంపట్నం అవతల ఊరు వాళ్లది. వాళ్ల పెద్దనాన్న వచ్చాడు. ఎవర్నో తాతని కూడా తీసుకొచ్చాడు, బియ్యం మంత్రించే ఆయన్ని. అందరూ నమిలి ఊయాలంట. పిండి తడిగా వస్తే మంచివాళ్లు, పొడిగా వస్తే దొంగంట.” ఆగింది. “సార్, నా నోరు ఇప్పుడే ఎండిపోయింది. నీళ్లు తాగుతానే ఉన్నాను, మళ్లీ ఎండిపోతంది.”

“నమలనని చెప్పు.”

“నమలకపోతే నేనే తీశానంటారు. నమిల్తే పొడొస్తది, అప్పుడూ నేనే తీశానంటారు. ఏం చెయ్యమంటారు?”

నేనిన్నేళ్లు క్లాసులో గంటసేపు చెప్పిన చట్టాన్ని ఆ పిల్ల ఒక్క ఊపిరిలో చెప్పేసింది.

ఆటో ఎక్కి డైరెక్టరుకు ఫోను చేశాను, తోడు వస్తాడేమోనని. ఆయన గొంతులో నిద్ర ఒక్కసారిగా వదిలిపోయింది. “సార్, మీరు పోకుండ్రి. ఆడపిల్లల హాస్టల్ల మీకేం పని? ఎవడన్న ఫోన్ల వీడియో తీసిండంటే మీ పేరు పోతది, మన సెంటర్ పేరు పోతది. నా మాట ఇనుండ్రి.” విన్నాను. ఆటో ఎల్బీనగర్ చౌరస్తాలో ఆగినప్పుడు దిగిపోదామని కూడా అనిపించింది. సిగ్నల్ పడింది, ఆటో కదిలింది. నన్ను అక్కడికి చేర్చింది నా ధైర్యమని చెప్పుకోలేను.

హాస్టల్ భోజనాల గదిలో ఉప్మా వాసన ఇంకా పోలేదు. పిల్లలంతా గోడ వారగా వరసలో నిలబడ్డారు. గోడ మీద రాజ్యాంగ అధికరణాల చార్టు, వర్తమానాంశాల కాగితాలు. వాటి కింద చాప మీద ఒక ముసలాయన, ముందు స్టీలు పళ్లెంలో పసుపు కలిపిన బియ్యం, పక్కన విస్తరాకు. గుమ్మానికి అడ్డంగా స్వప్న పెద్దనాన్న, ఆయన వెంట వచ్చిన ఇద్దరు మనుషులు. వాళ్లలో ఒకడు ఫోను పైకెత్తి పట్టుకున్నాడు.

“నువు ముందు పోవే.”

“నేనెందుకు, నేను ఆ రోజు ఊర్ల ఉన్న.”

“ఊర్ల ఉన్నోళ్లు గూడ నమలాల్నట.”

“నాకు పన్ను నొస్తుంది.”

“నీకు పన్ను నొప్పి ఇయ్యాలే యాదికొచ్చిందా.”

నేను లోపలికి వెళ్లగానే గుసగుసలు ఆగాయి. రూతు వరస చివర గోడకు అంటుకుపోయి ఉంది. చేతిలో నీళ్ల సీసా. అందరి కళ్లూ ఆ సీసా మీదే.

వరలక్ష్మి గారు ఎదురొచ్చింది. “మీరెందుకొచ్చారండి మాస్టారూ? ఇదంతా ఆ పిల్ల కోసమే చేస్తున్నా. పోలీసులు వస్తే ముందు ఎవర్ని బండెక్కిస్తారో మీకు తెలీదా? ఈయనైతే గొడవ లేకుండా తేల్చేస్తారు.”

ఆమె అబద్ధం చెప్పడం లేదు. నన్ను మొదట భయపెట్టింది అదే.

పిల్లలకు విషయం విడమర్చి చెప్పాను. భయం వేస్తే నోట్లో ఉమ్మి ఊరదు, అది శరీర ధర్మం, దొంగతనానికీ దానికీ సంబంధం లేదు. శ్రద్ధగా విన్నారు. ఒక అమ్మాయి చెయ్యెత్తింది. “సార్, ఇది సైన్స్ అండ్ టెక్నాలజీల వస్తదా?” కొందరు నోటికి చున్నీ అడ్డం పెట్టుకుని నవ్వారు.

ముసలాయన కూడా నవ్వాడు, పెద్దమనిషి తరహాలో. “సారు చెప్పింది నిజమే. భయమైతే నోరెండుతది. దొంగకే గదా భయం.”

గదంతా తలలూపింది. వేదికలెక్కి పండితుల నోళ్లు మూయించాననుకున్నవాణ్ని, చాప మీది మనిషి ఒక్క మాటతో కూర్చోబెట్టాడు.

“అట్ల అయితే నాకు పెట్టు తాతా” అన్నాను. “గొలుసు పోయిన రోజు నేనీ సందులోకే రాలేదు. నేను దొంగను కానని అందరికీ తెలుసు. ముందు నేను నమలుతా.”

“సారూ,” అన్నాడు పెద్దనాన్న గుమ్మంలోంచి, మెల్లగా. “మీకు గా పిల్ల ఏమైతది?”

“నా స్టూడెంటు.”

“స్టూడెంట్లు శానమంది ఉన్నరు గదా ఈడ. అందరి కోసం ఉరికొస్తవా?”

ఫోను పట్టుకున్నవాడు నా ముఖానికి దగ్గరగా వచ్చాడు. గుమ్మం మూసుకుపోయి ఉంది. బియ్యం నోట్లో వేసుకున్నాను.

నమిలాను. ఇంకా నమిలాను. నోట్లో ఇసుక తిరుగుతున్నట్టుంది. నాలుక అంగిట్లోంచి ఊడిరాలేదు. ఈ పిల్ల మీద చెయ్యి పడుతుందా, నా మీద పడుతుందా, ఆ వీడియోలో నా ముఖం కింద ఏం రాస్తారు, మా ఇంట్లో ఎవరు ముందు చూస్తారు, అన్నీ ఒకేసారి తలలో తిరిగాయి. విస్తరాకు మీద ఊశాను. పసుపు పచ్చని పొడి రాలింది. తడి చుక్క లేదు.

ఎవరూ నవ్వలేదు.

“సారుకు భయమైంది, గంతే” అన్నాడు ముసలాయన.

“మరి ఆ పిల్లకు భయమైతే? నా నోరెండితే భయం, ఆమె నోరెండితే దొంగతనమా? పొడి ఒకటే కదా తాతా. తేడా నీకెట్లా తెలుస్తది?”

ఆయన పళ్లెం వైపు చూశాడు. “నేను ఎవర్నీ దొంగ అనను సారూ. బియ్యం అంటది.”

“మీ సంగతి వేరండి మాస్టారూ” అంది వరలక్ష్మి గారు, నన్ను సముదాయిస్తున్నట్టుగా. “మీరెవరో మాకు తెలుసు కదా.”

జిల్లా అధికారుల పాత నివేదికల్లో ఈ వాక్యం పొడుగాటి ఇంగ్లిష్‌లో ఎన్నోసార్లు చదివాను. నేరం చేసిందెవరో తెలియనప్పుడు, మనుషులెవరో చూసి తేల్చడం. మన భాషలో, ఇంత మర్యాదగా, ఇంత ప్రేమగా వినడం అదే మొదలు. నన్ను తిట్టి ఉంటే తట్టుకునేవాణ్ని.

రూతు వరసలోంచి ముందుకొచ్చింది. సీసా కింద పెట్టి పళ్లెంలోంచి గుప్పెడు బియ్యం తీసుకుంది. గింజలు చాప మీద రాలుతున్నాయి.

“ఆంటీ, నేనెవరో కూడా మీకు తెలుసు కదండి. మీకు జ్వరమొచ్చి పడుకున్నప్పుడు మీ బీరువా తాళాలు నా చేతికే ఇచ్చారు. బంగారం ఏ అరలో ఉందో కూడా చెప్పారు.”

“అప్పటికి నాకు నీ ఊరు తెలీదు కదమ్మా.”

ఆ మాట వరలక్ష్మి గారి నోట్లోంచి దానంతటదే వచ్చేసింది. గదిలో అందరూ విన్నారు. ఆవిడా విన్నది. పక్కనున్న బల్ల పట్టుకుని మెల్లగా కూర్చుంది.

రూతు బియ్యాన్ని పళ్లెంలో పోసేసింది. “నేను నమలను ఆంటీ. మా తాత ఏ దొంగతనం జరక్కముందే రోజూ వెళ్లి పేరు పలికొచ్చేవాడు. పలికితే మంచివాడనుకుంటారని ఆయన ఆశ. చచ్చేదాకా ఎవరూ అనుకోలేదు. పోలీసుల్ని పిలవండి. నాది ఏ ఊరో నేనే చెప్తాను, మీరు చెవుల్లో చెప్పుకోనక్కర్లేదు.” అని ఊరి పేరు, మండలం, తండ్రి పేరుతో సహా చెప్పింది. చివరి అక్షరం దాకా చెప్పింది.

పెద్దనాన్న జేబులోంచి ఫోను తీశాడు. “ఆ పిల్లనే పిలవమంటుంది గదా. పిలుద్దాం.”

“వద్దు పెద్దనాయినా” అంది స్వప్న. అంతసేపూ ఆ అమ్మాయి మంచినీళ్ల ఫిల్టరు పక్కన నిలబడి ఏడుస్తూనే ఉంది.

“ఏంది వద్దు? గొలుసు నీది కాదా?”

“గా బియ్యం నాకు పెడితే నా నోట్లకెల్లి గూడ పొడే ఒస్తది. పొద్దటి సంది నాకు ఉమ్మి ఊరుతలేదు. అమ్మకు ఏం చెప్పాల్నో తెల్వక, సదువు బంద్ జేయించి ఇంటికి తోల్కపోతరని. మరి నా గొలుసు నేనే దొంగిలించుకున్ననా?”

పెద్దనాన్న ఫోను జేబులో పెట్టుకోలేదు, నంబరూ నొక్కలేదు. అట్లాగే పట్టుకుని నిలబడ్డాడు. వరసలో పిల్లలు ఒకరి ముఖం ఒకరు చూసుకున్నారు. ఒకతె నాలుకతో పెదవులు తడుపుకుంది. అది చూసి ఇంకొకతె తడుపుకుంది.

ముసలాయన బియ్యం మూట కట్టుకుని మోకాళ్ల మీద చేతులూని లేచాడు. “గింత భయమున్న ఇంట్ల బియ్యం పని చెయ్యది” అన్నాడు.

గెలుపు కాదు

దాన్ని హేతువాదపు గెలుపని ఎక్కడా చెప్పకండి. ఆ రోజు ఆ గదిలో ఎవరి నమ్మకమూ మారలేదు. ముసలాయన తన పరువు దక్కించుకుని వెళ్లాడు. ఇంకో ఇంట్లో, ఇంత భయం ఒక్కరి ముఖంలోనే కనిపించే ఇంట్లో, ఆ బియ్యం మళ్లీ పని చేస్తుంది. పోలీసులకు ఫోను వెళ్లలేదు. వీడియో బయటికి వచ్చిందో లేదో నాకు తెలియదు. వచ్చిందేమోనని మాత్రం చాలాకాలం ఫోను తెరవాలంటే భయం వేసేది.

వరలక్ష్మి గారు రూతును ఖాళీ చేయమనలేదు. తాళం చెవి కూడా ఇవ్వలేదు. పరీక్షలయ్యే దాకా స్వప్న, రూతు ఒకే బల్ల దగ్గర తిన్నారు. మిగతా పిల్లలు ఇంకో బల్ల దగ్గర తిన్నారు. రూతుకు ఉద్యోగం వచ్చింది. ఏ శాఖో, ఏ జిల్లానో రాయను. ఆఫీసులో తన ఊరు ఒంగోలు వైపు అనే చెబుతుందట. హాస్టల్లో గట్టిగా చెప్పినదానివి ఇప్పుడెందుకు దాస్తావని అడిగే హక్కు నాకు లేదు. ధైర్యం రోజూ చూపించాల్సిన వస్తువైతే అదీ హాజరే.

నా పాత ఉపన్యాసాన్ని కొంచెం దిద్దుకున్నాను. భయం అజ్ఞానం పిల్ల అన్నాను. కాదు. అన్నీ తెలిసినవాడి నోరు కూడా ఎండుతుంది. తెలిసినందువల్ల జరిగేదల్లా ఒకటే. ఎండిన నోరు చూసి ఎదుటివాణ్ని దొంగ అనకుండా ఆగగలం. అంతకంటే పెద్ద మేలు చదువు నుంచి ఆశించకండి. అంతకంటే తక్కువకు ఒప్పుకోకండి. తేదీలు చెప్పండి, బిట్లు చెప్పండి, డైరెక్టరుతో పోట్లాడండి. ఆ చట్టం పాఠం రోజు మాత్రం బెంచీల వైపు చూస్తూ చెప్పండి. ఎవరో ఒకరు తల ఎత్తకుండా కూర్చుని ఉంటారు.

రిటైరయ్యాక కుర్ర లెక్చరర్ల సమావేశాలకు పిలిస్తే వెళుతుంటాను. ఈ సంగతి చెబుతాను. అందరూ కదిలిపోతారు, కొందరి కళ్లు తడుస్తాయి. తర్వాత చేతులు లేస్తాయి. మొదటి ప్రశ్న ప్రతిచోటా ఒకటే: “ఇంతకీ గొలుసు దొరికిందా సార్?” రెండోదీ ఒకటే: “ఆ అమ్మాయిది ఏ ఊరు సార్?” చదువుకున్నవాళ్లు, పాఠం చెప్పేవాళ్లు, నా కథ విని కళ్లు తుడుచుకున్నవాళ్లు అడుగుతారు. ఆ క్షణంలో నా నోరు ఎండుతుంది. మొదటిదానికి జవాబు నాకు తెలియదు. రెండోదానికి తెలుసు. చెప్పను.